బాణీ మారితే పక్షం మారినట్టేనా?

రూపం మారగానే కళాకారుడి పక్షం కూడా మారిందని అనుమానించడం అభ్యుదయ విమర్శకు పాత అలవాటు. ఆ అనుమానం ప్రతిసారీ నిరాధారం కాదు. కాని దాన్నే సూత్రం చేసుకుంటే మంచి రచనల్ని చేజేతులా పోగొట్టుకుంటాం. ఇంగ్లండుకు చెందిన 'ది స్పెషల్స్' బృందం రెండో ఆల్బమ్ 'మోర్ స్పెషల్స్' (1980) విషయంలో నేనూ ఆ పొరపాటే చేశాను. మొదటిసారి విన్నప్పుడు వెనకడుగు అనుకున్నాను. ఆ తీర్పును ఇక్కడ సవరించుకుంటున్నాను.

ఈ ఏడుగురూ కావెంట్రీ నగరంలో కూడినవాళ్లు. కార్ల కర్మాగారాల మీద బతికిన ఆ ఊళ్లో 1970ల చివరికి పనులు ఊడిపోతున్నాయి. నేషనల్ ఫ్రంట్ జాతివిద్వేషాన్ని వీధుల్లోకి తెచ్చింది. తెల్లవాళ్లూ నల్లవాళ్లూ కలిసి వేదిక ఎక్కడమే అప్పుడొక రాజకీయ ప్రకటన. జమైకాలో పుట్టి వలస కుటుంబాల వెంట వచ్చిన 'స్కా' లయకు పంక్ వేగాన్ని జోడించి 1979లో వాళ్లు తెచ్చిన మొదటి ఆల్బమ్, జనం చేత చిందులు వేయిస్తూనే జాతివివక్షను ఎదిరించింది. ఇక్కడ రూపానికీ సారానికీ పేచీ లేదు. కలిసి ఆడటమే ఆ పాటల సందేశం.

ఏడాది తిరిగేసరికి, బృందానికి మూలపురుషుడైన జెర్రీ డామర్స్ దారి మార్చాడు. మొదటి పక్క ఇంకా పాత ఊపు ఉంది. రెండో పక్క తిప్పితే హోటళ్లలో, లిఫ్టుల్లో, విమానాశ్రయాల్లో ఎవరూ చెవిపెట్టకపోయినా మోగుతూ ఉండే 'మ్యూజాక్' సంగీతం ఎదురవుతుంది. పనివాడు అలసట మరిచి మరింత పనిచేయాలని ఫ్యాక్టరీలకు అమ్మిన సరుకది. 'ఇంటర్నేషనల్ జెట్ సెట్' పాటలో తీయని ఆర్గన్ మోతలోనే విమానం ఎక్కిన సంపన్నుల లోకం భయంకరంగా తయారవుతుంది. 'ఎంజాయ్ యువర్‌సెల్ఫ్' అన్న పాత పాట ఆల్బమ్ మొదట్లో హుషారుగా వస్తుంది. చివర్లో నీరసంగా తిరిగి వస్తుంది. ఆ రెంటి మధ్య దూరమే ఈ ఆల్బమ్ వస్తువు.

మనకు అలవాటైన మార్గం వేరు. జంగంకథల సంప్రదాయం నుంచి వచ్చిన బుర్రకథను నాజర్ ప్రజల కోసం పదును పెట్టాడు. అంటే ప్రజల రూపాన్నే ప్రజలకు తిరిగి ఇచ్చాడు. డామర్స్ పట్టుకున్నది యజమాని రూపం. జోకొట్టే సంగీతాన్నే అనుకరిస్తూ ఆ జోల వెనకున్న శూన్యాన్ని వినిపించాడు.

ఇందులో ప్రమాదం లేకపోలేదు. వ్యంగ్యం పట్టుకోలేని శ్రోతకు మిగిలేది జోల ఒక్కటే. 'హాలిడే ఫోర్ట్‌నైట్' వంటి చోట అనుకరణ విమర్శగా ఎదగలేదు. 'హే లిటిల్ రిచ్ గర్ల్'లో స్త్రీని చూసే చూపు పాతదే. బృందంలో కూడా ఏకాభిప్రాయం లేదు. గిటారిస్టు రాడీ బయర్స్‌కు ఈ బాణీ నచ్చలేదు. అయినా శ్రోతలు పారిపోయారనడం అబద్ధం. బ్రిటిష్ జాబితాలో మొదటి ఆల్బమ్ నాలుగో స్థానానికి చేరితే, ఇది అయిదో స్థానానికి చేరింది.

ఈ ప్రయోగానికి అసలు ఫలితం మరుసటి ఏడాది వచ్చింది. 1981 జులైలో బ్రిటిష్ నగరాలు అల్లర్లతో అట్టుడుకుతున్నప్పుడు జాబితాలో మొదటి స్థానంలో ఉన్న పాట 'ఘోస్ట్ టౌన్'. అందులో పిడికిలి బిగించే వేగం లేదు. మందకొడి లయ, దయ్యపు ఆర్గన్, మూతపడ్డ ఊరు. ఆ స్వరాన్ని వాళ్లు నేర్చుకున్నది 'మోర్ స్పెషల్స్' రెండో పక్కనే. మొదటి ఆల్బమ్ వేగంతో ఆ పాట కట్టి ఉంటే నిరుద్యోగి రోజులోని ఖాళీ అందులో వినపడేది కాదు.

ఆ ఏడాదే బృందం చీలిపోయింది. ముగ్గురు బయటికి వెళ్లారు. ఆ మూల్యాన్ని తక్కువ చేయను. కాని 1984లో నెల్సన్ మండేలా విడుదల కోరుతూ డామర్స్ కట్టిన పాట మళ్లీ పండుగలా సాగింది. ఉత్సాహం అవసరమైన చోట ఉత్సాహం, శూన్యాన్ని చూపాల్సిన చోట శూన్యం. పక్షం ఒకటే. కొత్త సంపుటి చేతికి రాగానే పాత సంపుటితో తూచి పక్కన పెట్టే మనం, ఆ రెండో పక్కను ఒకసారి ఓపికగా వినడం మంచిది.