కూతయు పట్టును

వరంగల్లు నుండి ఖమ్మమునకు పోవు బాటలో వర్ధన్నపేట, రాయపర్తి దాటిన పిమ్మట వచ్చు తొర్రూరు, 2016వ సంవత్సరపు జిల్లాల పునర్విభజనలో మహబూబాబాదు జిల్లాలో చేరినదే గాని, పెద్దల నోట నేటికిని అది వరంగల్లు జిల్లా తొర్రూరే. పాలకుర్తి, బమ్మెర వంటి గ్రామములు చుట్టుపట్ల నుండుటచేత, ఈ సీమను గూర్చి వ్రాయబూనినవారు పాల్కురికి సోమనాథుని, పోతనను, పిదప 1946 నాటి రైతు పోరాటమును స్మరించి కలము దించుట పరిపాటి. ఆ స్మరణ న్యాయమైనదే. అయినను వరికోతలు ముగిసి, సంక్రాంతికి పట్నము నుండి పిల్లలు ఇండ్లకు చేరు దినములలో, ఊరి బడి ఆవరణలోనో, చెఱువుకట్ట దిగువ బీటిలోనో మన్ను త్రవ్వి, రాళ్లు ఏరి, జల్లించి, నీళ్లు చల్లి, ముగ్గు పోసి గీతలు దిద్ది యువకులు ఆడు చెడుగుడు సైతము ఈ నేల తరతరములుగా కాపాడుకొనుచు వచ్చిన విద్యయే. దానిని విద్యగా నెంచి వివరించినవారు అరుదు. బలము గలవాడు బలము లేనివానిని పడద్రోయు మోటు ఆటగా తలచువారే పెక్కుమంది. ఆ తలపు సరికాదని నిరూపించుట ఈ వ్యాసోద్దేశము.

ఈ ఆటకు ప్రాణము కూత. కూతకు పోవువాడు నడిమి గీత దాటి ఎదుటి నేలపై అడుగు మోపక మునుపే ‘కబడ్డీ’ యను పలుకును స్పష్టముగా, తెఱపి లేక పలుకుట మొదలిడవలెను. తిరిగి తన నేలకు వచ్చువరకు అది తెగరాదు. తెగెనా, వాడు ఔటు. ప్రపంచములోని ఆటలు పెక్కింటిలో దాడి చేయువానికి హద్దు వెలుపలనుండి వచ్చును: గడియారమో, ఈలయో, గీతయో వానిని నిలుపును. చెడుగుడులో మాత్రము దాడికి హద్దు దాడి చేయువాని ఊపిరియే. ఎంతసేపు పరులనేలపై నిలువగలవో అంతసేపే నీ అధికారము, అటుపై ఒక్క క్షణమైనను కాదు, అని వాని ఱొమ్మే వానికి చెప్పును. నేటి నియమావళి కూతకు 30 సెకండ్ల గడువు విధించినది. పోటీలు గడియారముతో నడుచు కాలములో అది తప్పదేమో గాని, ఊపిరిని బిగబట్టి, కొలిచి, చివరి రెండు పలుకులు గీత దాటుటకై దాచుకొను నేర్పు ఆ గడువుచేత కొంత మఱుగున పడిన మాట వాస్తవము. అయినను నియమములలో ఒకటి నాకు పరమ ఆదరణీయముగా తోచుచుండును. కూతకు వచ్చినవానిని మొండెము పట్టియో, కాలుసేతులు పట్టియో ఎంతమందియైనను నిలుపవచ్చును. జుట్టు పట్టరాదు, బట్ట పట్టరాదు. అన్నిటికంటె ముఖ్యముగా, వాని నోరు మూసి కూత ఆపరాదు. ఏడుగురు కలిసి ఒక్కనిని నేలకు అదిమిపట్టిన వేళను గూడ వాని ఊపిరి వానిదే. పగవాని శ్వాసను గౌరవించు ఈ నియమముగల ఆటను మోటుదని ఎట్లనగలము?

పురుషుల ఆటస్థలము 13 మీటర్ల పొడవు, 10 మీటర్ల వెడల్పు గలది. స్త్రీలకు 12, 8 మీటర్లు. ప్రక్కల రెండును మీటరేసి వెడల్పుగల లాబీలు. ఒకరినొకరు తాకువరకు అవి ఆటకు వెలియే, తాకిన వెంటనే అవి ఆటలోనివగును. పురుషుల స్థలమున నడిమి గీతకు 3.75 మీటర్ల దూరమున బాక్ లైను, దానికి మీటరు లోపల బోనసు గీత. కూతగాడు ఎవరినీ తాకకున్నచో బాక్ లైనునైనను దాటి రావలెను. భయపడి గీత దగ్గఱనే తిరుగాడి మరలినవాడు ఔటగును. ఇట్లు ఆట పిఱికితనమును సహింపదు, తొందఱను అంతకంటెను సహింపదు. చేయి చాచి తాకుట ఎల్లరు ఎఱిగినది. అంతకు మించినది కాలివ్రేలి తాకుడు: ఎడమకాలిపై బరువంతయు నిలిపి, మోకాలు వంచి, కుడికాలిని నేలబారుగా చాపి, ఎదుటివాని పాదమును గోటితో తాకి, వాడు వంగులోపల కాలు వెనుకకు తీసుకొనుట. వెనుదిరిగినట్లు నటించి మడమతో తన్నుట ఒకటి. పట్టుటకు చేతులు కలిపి వచ్చువారి చంకల క్రిందుగా తలవంచి దూరి గీత చేరు ‘డుబ్కీ’ మఱియొకటి. ప్రొ కబడ్డీలో పర్దీప్ నర్వాల్ దీనితో దేశమంతట పేరు పొందెను. అయినను గ్రామములలో పెద్ద ఆటగాండ్లు పిల్లలకు మొదట నేర్పునది ఇవేవియు కావు, అడుగు. పాదము పూర్తిగా నేల నానక, మునివ్రేళ్లపై, ఒడలు కొంచెము ముందుకు వంచి, ఎప్పుడును రెండు కాళ్లను ఒకేమారు ఎదుటివారికి అందనీయక నడుచు అడుగు కుదిరిన పిమ్మటనే చేతికి పని చెప్పుదురు.

అయితే చూచువారి కన్నులన్నియు కూతగానిపై నుండగా, ఆటలోని లోతు పట్టువారియందున్నదని నా దృఢమైన అభిప్రాయము. ఏడుగురు నిలుచు తీరును చూడుడు. రెండు కొసలయందు కార్నర్లు, వారి ప్రక్కన ఇన్‌లు, పిదప కవర్లు, నడుమ సెంటరు. ఒకరి చేయి ఒకరు పట్టుకొని ఇద్దఱిద్దఱుగా గొలుసు కట్టుదురు; కూతగాడు కుడికి జరిగినచో కుడి కొస వెనుదీయును, ఎడమ కొస మెల్లమెల్లగా వాని వెనుకకు తిరిగి వచ్చును. చెఱువులో వల రెండు కొసలును ఒడ్డున కలియునట్లు, వాడు మరలి చూచులోపల తిరుగు దారి మూసికొనును. ఇందు ఎవడు ముందు దూకవలెనన్నదే గడ్డు ప్రశ్న. కార్నరు పని చీలమండ పట్టు: కూతగాడు బోనసు గీతకై కాలు చాపిన క్షణమున, వాని బరువు రెండవ కాలిపైనున్నదని గుర్తించి, ఒరిగి, రెండు చేతులతో చీలమండను పొదివిపట్టి తన ఱొమ్మునకు లాగికొనవలెను. ఆ పట్టు ఒంటరిదైనచో రెండు క్షణములకు మించి నిలువదు. ఆ రెండు క్షణములలో కవరు వచ్చి తొడయో నడుమో పట్టవలెను, లేదా భుజముతో ఢీకొని వాని అదుపు తప్పింపవలెను. ఇన్ వచ్చి చేతులను బంధింపవలెను, గీతను అందుకొనుటకు చాచిన వ్రేలు ఒక్కటి చాలును గదా అంతయు వ్యర్థమగుటకు! అందుచేత మొదట దూకినవాడు తన వెనుక రానున్నవారిని నమ్మి దూకును. వారు రాకున్నచో వాడే కాదు, కూతగానిని ముట్టినవారందఱును ఔటగుదురు. పది సంవత్సరములు ఒకే మట్టిలో ఆడినవారికి ఈ నమ్మిక మాటలతో పనిలేక కుదురును. ఎంత గొప్ప ఆటగాండ్రనైనను నిన్న మొన్న ఒకచోట చేర్చినచో వెంటనే కుదురదు. ఊరి జట్టు బలమంతయు ఇందే ఉన్నది.

ఔటైనవాని గతిని బట్టి ఈ ఆట పూర్వము మూడు విధములుగా ఆడబడెడిది. అమర విధమున ఔటైనవాడు వెలికి పోడు, పాయింటు మాత్రము లెక్కింతురు. గామిని యందు ఔటైనవాడు జట్టంతయు ఔటగువరకు గట్టునే కూర్చుండవలెను. సంజీవని యందు ఎదుటివాడొకడు ఔటైనచో మనవాడొకడు, ఏ వరుసలో వెలికి పోయెనో ఆ వరుసలోనే, బ్రతికి లోనికి వచ్చును. నేటి నియమావళికి మూలమైనది ఈ మూడవదే. పల్లెకు తగినదియు ఇదియే యని తోచును. తప్పు చేసినవానిని ఆట ముగియువరకు వెలివేయదు, తోడివాని పరాక్రమముచేత తిరిగి పిలుచుకొనును.

నియమములను గ్రంథస్థము చేసిన కీర్తి మహారాష్ట్రపు వ్యాయామ సంస్థలది. 1923లో బరోడాలో అఖిల భారత పోటీ నడచినది. 1936లో బెర్లిను ఒలింపిక్సు వేళ మహారాష్ట్రలోని అమరావతికి చెందిన హనుమాన్ వ్యాయామ ప్రసారక మండలివారు ఈ ఆటను అచ్చట ప్రదర్శించి చూపిరి. 1950లో అఖిల భారత కబడ్డీ సమాఖ్య ఏర్పడినది. 1952లో మద్రాసున పురుషులకును, 1955లో కలకత్తాలో స్త్రీలకును జాతీయ పోటీలు మొదలైనవి. ఈ తేదీల నడుమ మన పల్లెల పేర్లు కనబడవు. కనబడకుండుట సహజమే, నియమము వ్రాయువారు వేఱు, దానిని దేహమున నిలుపుకొనువారు వేఱు.

ఇచ్చట ఒక దూరదేశపు కథ జ్ఞాపకమునకు వచ్చుచున్నది. ఇంగ్లండు ఉత్తర భాగమున, బొగ్గు గనులును నూలు, ఉన్ని మిల్లులును గల పట్టణములయందు రగ్బీ యను ఆట శ్రామికుల పాలిట ప్రాణమై యుండెను. శనివారమునాడు ఆడవలెనన్నచో పని మానవలెను, పని మానినచో కూలి పోవును. ఆ పోయిన కూలిని జట్టు భర్తీ చేయుట న్యాయమని ఉత్తరమువారు, అట్లు పైకము పుచ్చుకొనినచో ఆట అపవిత్రమగునని అధికార సంఘమువారు వాదించుకొని, తుదకు 1895 ఆగస్టు 29వ తేదీన హడర్స్‌ఫీల్డు పట్టణపు జార్జి హోటలులో ఉత్తరదేశపు జట్లు విడిపోయి తమ సంఘమును స్థాపించుకొనినవి. అదియే పిదప రగ్బీ లీగుగా ప్రసిద్ధికెక్కినది. 1906లో ఆటగాండ్ర సంఖ్యను పదిహేను నుండి పదమూడునకు తగ్గించిరి. బంతి పట్టినవారు దానిని విడువక సాగదీయుచున్నారని 1966లో నాలుగు పట్లకును, 1972లో ఆరు పట్లకును దాడిని పరిమితము చేసిరి. దాడికి హద్దు కావలెనని వారు దశాబ్దముల అనుభవముచేత కనుగొనిన సత్యము మన ఆటలో మొదటినుండియు ఊపిరి రూపమున నెలకొనియుండుట చూచి నేను సంతసింతును. అయితే వారినుండి మనము నేర్వవలసినది వేఱొకటి కలదు. పైకమిచ్చు పెద్ద జట్లు వెలసిన పిమ్మట గనికొకటి, వీథికొకటిగా నున్న ఔత్సాహిక జట్లను పట్టించుకొనువారు కఱవైరి. అప్పుడా చిన్న జట్లే 1973లో తమకు తాముగా బ్రిటిషు ఔత్సాహిక రగ్బీ లీగు సంఘమును నిర్మించుకొని, పిల్లల జట్లను, పోటీలను తమ చేతులలోనికి తీసుకొనినవి. ఎవరో వచ్చి ఉద్ధరింతురని కాచుకొని యుండలేదు.

మన పల్లెల యువజన సంఘముల తీరును ఇట్టిదే. కూలి పోవునన్న చిక్కును మనవారు పంచాంగముతోనే పరిష్కరించుకొనిరి. పైరు ఇంటికి చేరి, చేతికి తీరిక చిక్కిన పండుగ దినములనే పోటీలకు నిర్ణయించుకొనిరి. జట్టుకింత యని ప్రవేశ రుసుము. మొదటి బహుమతికి ఒక దాత, రెండవదానికి మఱియొక దాత, కప్పులకు వేఱొకరు. వెలుతురునకు దీపములు, అరచి చెప్పుటకు మైకు. అంపైరుగా ఏ బడిలోని డ్రిల్లు సారో, ఒకప్పుడు జిల్లాకు ఆడిన పెద్దవాడో. దూరపు జట్లకు ఆ రాత్రి భోజనము ఊరివారిదే. లెక్కల పుస్తకము సంఘము పెట్టెలోనుండును. మిగిలిన పైకముతో బనియన్లు కొందురు, మోకాలి పట్టీలు కొందురు. 1904లోనే హనుమకొండలో శ్రీ రాజరాజ నరేంద్రాంధ్ర భాషానిలయమను గ్రంథాలయమును నెలకొల్పుకొనిన సీమ ఇది. చందాలెత్తి, కార్యవర్గము నెన్నుకొని, ఒక ఉమ్మడి వస్తువును పోషించుకొను అభ్యాసము ఇచ్చటివారికి క్రొత్తది కాదు. గ్రంథాలయ చరిత్రను వ్రాసికొనినాము; ఆటస్థలముల చరిత్రను ఇంకను వ్రాసికొనవలసియున్నది.

తెలంగాణ రాష్ట్రము ఏర్పడిన మఱుసటి నెలలోనే, 2014 జూలై 26న, ఎనిమిది జట్లతో ప్రొ కబడ్డీ మొదలైనది. తెలుగు టైటాన్స్ అందొకటి. టెలివిజనులో ఈ ఆట కనబడుట పల్లెటూరి పిల్లవానికి ఎంతటి గౌరవమిచ్చినదో చెప్పనలవి కాదు. తాను మట్టిలో ఆడుదానిని దేశము చూచుచున్నదని వానికి తెలిసినది. మేలే జరిగినది. కాని ఒక పాఠమును మఱువరాదు. 1990లో బీజింగున ఆసియా క్రీడలలో కబడ్డీ చేరిననాటి నుండి 2014 వరకు ఏడుమార్లు పురుషుల స్వర్ణము మనదే. 2018లో జకార్తాలో ఇరానువారు పురుషుల విభాగమున సెమీఫైనలులోనే మనలను ఓడించిరి, స్త్రీల విభాగమున ఫైనలులో ఓడించిరి. 2023లో హాంగ్‌ఝౌలో రెండు స్వర్ణములను తిరిగి గెలుచుకొంటిమి. ఇరానువారి బలము ప్రధానముగా పట్టులోనిది. ఎడమ కార్నరున నిలిచి చీలమండ పట్టుటలో ఫజల్ అత్రాచలి చూపిన నైపుణ్యమును ప్రొ కబడ్డీ చూచినవారెల్ల ఎఱుగుదురు. కూతగానికి ధరయు, కీర్తియు హెచ్చుగా దక్కు ఈ కాలమున, పట్టు నేర్చుకొనుటకు పిల్లలు విముఖులగుచున్నారు. ప్రతివాడును కూతకే పోదునన్నచో గొలుసు కట్టువాడెవడు?

ఇందుకు తొర్రూరు వంటి ఊళ్ల జట్లు చేయగలిగినది పెద్ద శిబిరములు చేయజాలవు. పట్టు మెత్తని మట్టిలోనే, భయము తీఱునట్లు, చిన్ననాడే అలవడవలెను. అందులకు వేలాది రూపాయల మ్యాట్ అక్కరలేదు, జల్లించి, వరిపొట్టు కలిపి తడిపిన మన్ను చాలును. అట్టి నేల బడులలో నానాటికి తగ్గిపోవుచున్నది. బురద కాకుండవలెనని ఆవరణలకు సిమెంటు పోయుచున్నారు, మిగిలిన చోట గదులు కట్టుచున్నారు. ఆడపిల్లల విషయమున ఈ లోటు మఱింత బాధించును. మగపిల్లలకు బడి కాకున్న బీడున్నది, చెఱువుకట్ట యున్నది. పండ్రెండేండ్ల బాలికకు బడి ఆవరణయే ఆటస్థలము, డ్రిల్లు సారో, మేడమో యుండు గంటయే ఆటవేళ. ఉన్నత పాఠశాలలయందు ఈ ఆటను పట్టుదలతో ఆడుచున్న బాలికలు వేసవి సెలవులు రాగానే ఆట మానుకొనుట వారి దోషము కాదు. 12 మీటర్ల పొడవు, 8 మీటర్ల వెడల్పు గల మెత్తని నేలను ప్రతి బడిలో ఒక మూల విడిచిపెట్టి, సెలవులలోను సాయంకాలము తలుపు తెఱచియుంచుడని పంచాయతీలను, బడి కమిటీలను అడుగుచున్నాను; మన్ను జల్లించి, గీతలు దిద్ది, నేర్పుటకు ఆ ఊరి పాత ఆటగాండ్లున్నారు.