జ్ఞాపకమే చరిత్రా? – ‘దేవదాసు’ (1953) నటుల స్మృతులు: ఒక పరిశీలన

నటులు తమ చిత్రాల గురించి చెప్పుకొన్న మాటలను మన సినీ విమర్శ సాధారణంగా ఆధారాలుగా స్వీకరిస్తుంది; విశ్లేషించవలసిన పాఠాలుగా చదవదు. శరత్‌చంద్ర చటోపాధ్యాయ నవల ఆధారంగా వేదాంతం రాఘవయ్య దర్శకత్వంలో వచ్చిన ‘దేవదాసు’ విషయంలో ఈ అలవాటు ఏమి మరుగుపరచిందో పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

‘బాలరాజు’ (1948), ‘కీలుగుఱ్ఱం’ (1949) వంటి జానపద చిత్రాలతో పేరొందిన అక్కినేని నాగేశ్వరరావు ఈ పాత్రకు తగరన్న సందేహం ఆనాడు వినిపించింది. మత్తు సన్నివేశాలను రాత్రివేళ చిత్రించారని, నిద్రలేమితో బరువెక్కిన రెప్పలే ఆ మత్తును పలికించాయని ఆయన తరువాతి కాలంలో చెబుతూ వచ్చారు. ఈ స్మృతి విలువైనది. ప్రేక్షకుడు ఆవేశమనుకొన్నదాన్ని అది శ్రమగా చూపుతుంది. కరుణరసం నటుడి సొంత దుఃఖం నుండి గాక, అలసిన దేహంపై అతడు సాధించిన అదుపు నుండి పుట్టిందని తెలుపుతుంది.

అయితే అదే స్మృతి చిత్రాన్ని ఒక్క ముఖానికి కుదిస్తుంది. ఘంటసాల గళం, సముద్రాల రచన, బి.ఎస్. రంగా వెలుగునీడలు ఆ విషాదంలో సమభాగస్వాములు. సంగీత దర్శకుడు సి.ఆర్. సుబ్బరామన్ విడుదలకు ముందే, 1952లో మరణించారు. వెనుదిరిగి చూసుకొనే అవకాశమే ఆయనకు దక్కలేదు.

సావిత్రి విషయంలో ఈ అసమానత మరింత స్పష్టం. అక్కినేనికి 2014 వరకు, ఆరు దశాబ్దాలకు పైగా, ఈ చిత్రాన్ని తిరిగి చెప్పుకొనే వ్యవధి లభించింది. సావిత్రి ఏడాదికి పైగా అపస్మారక స్థితిలో ఉండి 1981లో కన్నుమూశారు. ఇరవై యేళ్లు నిండని ఆమె, ఎదిగిన సంతానం గల జమీందారుకు రెండో భార్య అయిన పార్వతిని ఎలా రూపొందించారన్న ప్రశ్న కన్నా, ఆమె జీవితం ఎలా ముగిసిందన్న కథే ప్రచారంలోకి వచ్చింది. ‘మహానటి’ (2018) కూడా ఇతరులు పునర్నిర్మించిన జ్ఞాపకమే.

మెలోడ్రామాలో కన్నీరు ఆలస్యం నుండి పుడుతుందని స్టీవ్ నీల్ 1986లో ప్రతిపాదించారు. పార్వతి చేరేలోపే తలుపులు మూసుకొనే ముగింపు దానికి చక్కని నిదర్శనం. స్మృతుల చరిత్రలోనూ ఆ తలుపు ఆమెకే మూసుకొంది. కనుక పార్వతి వాంగ్మూలాన్ని ముఖాముఖీలలో గాక చిత్రంలోనే వెదకాలి. అదే నటి అదే ఏడాది తెలుగు, తమిళ రూపాలు రెండింటిలోనూ పోషించిన ఆ పాత్రను సన్నివేశాలవారీగా పోల్చి చూడడం అందుకు తొలి మెట్టు.