బెదురు తీరే దారి

కోలారు పల్లెల్లో తెలుగు రైతు నోట వినపడే మాట ‘మాలిమి’. కొత్తగా కొన్న కోడె ఇంటికొస్తే దానికి వెంటనే కాడి కట్టరు. ఇంట్లో పాత ఎద్దు పక్కన కట్టేసి రాగిగడ్డి వేస్తారు, అంతే. పాతది తాపీగా నెమరేస్తుంటే కొత్తదానికీ కొంత నిబ్బరం వస్తుంది. ఆ తరవాతే మనిషి చెయ్యి: పిడికెడు తవుడు, గంగడోలు నిమరడం.

కాడి మప్పడంలోనూ తొందర ఉండదు. మొదట పాత ఎద్దుకు జతచేసి ఉత్త కాడి మెడమీద పెడతారు, కాసేపటికే దించేస్తారు. ఆపైన చిన్న మొద్దు లాగిస్తారు. బండి చివరికి. ఈ వరసలో అర్థముంది. పశువు కళ్లు తలకు రెండు పక్కలా ఉంటాయి కాబట్టి చుట్టూ చాలామేర కనిపిస్తుంది, సరిగ్గా వెనక మాత్రం కనపడదు. అక్కడినుంచే వెంటపడి వచ్చే బండి చప్పుడు దానికి భూతం లాంటిది. మొద్దు ఆ భూతాన్ని చిన్నది చేసి చూపిస్తుంది.

గంగిరెద్దును చూడండి. ఒంటినిండా రంగుల బొంతలు, గంటలు, పక్కనే డోలూ సన్నాయీ, చుట్టూ పిల్లల కేకలు. అయినా తల ఊపుతుంది. సంక్రాంతికి ఈ వైపు పశువుల్ని మంటమీంచి దూకించే ‘కిచ్చు’ సంగతి వేరు. వేడుకే కావచ్చు, నేను మాత్రం దాన్ని మాలిమి లెక్కలో వెయ్యను.

1924లో అమెరికాలో మనస్తత్వ శాస్త్రవేత్త మేరీ కవర్ జోన్స్ అచ్చువేసిన పరిశోధనదీ ఈ మాలిమి దారే. అక్కడ బెదిరింది పీటర్ అనే పిల్లవాడు, బెదిరించింది కుందేలు! పీటర్ ఇష్టమైన తిండి తింటుంటే కుందేలును కాస్త కాస్త దగ్గరికి తెచ్చారు. చివరికి వాడే దాన్ని నిమిరాడు.

కోలారు బంగారు గనుల్లో భయం ఇలా కొలిచి వడ్డించేది కాదు. మూడు కిలోమీటర్ల లోతు దాకా తవ్విన ఆ గనుల్లో రాయి పగిలితే పైన ఇళ్లు అదిరేవి, ముందు హెచ్చరిక లేకుండా. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడ్డాయి. ఆ అదురు మన చేతిలో లేనిది; ఇప్పుడు ఇంట్లో కుక్కను వణికించేవి మిక్సీ, కుక్కరు ఈల, టపాసులు. వీటిని మనం కొలిచి వడ్డించవచ్చు.

మిక్సీని ఆపేసి ఉంచి, దూరంగా కుక్కకు అన్నం పెట్టండి. రోజులు గడిచేకొద్దీ గిన్నెను దగ్గరికి జరపండి. తరవాత తలుపు మూసిన వేరే గదిలో ఒక్క క్షణం తిప్పండి, వెంటనే దానికిష్టమైన ముక్క వెయ్యండి. తోక ముడిచినా, చెవులు వెనక్కి వాల్చినా, ఇష్టమైన ముక్కనే ముట్టకపోయినా మీరు తొందరపడ్డట్టే, ఒక మెట్టు దిగండి. గడ్డి ముట్టని కోడెను రైతు ఆ రోజు కాడి దగ్గరికి తీసుకుపోడు. పట్టుకుని చప్పుడు ముందు నిలబెట్టడం, తిట్టడం వద్దు. వణుకు తగ్గకపోతే పశువైద్యుడికి చూపించండి.

టపాసులకూ అంతే: ఫోనులో రికార్డు చేసిన చప్పుడు, వినీ వినపడనంత సన్నగా, తిండితో పాటు. దీపావళికి నెల ముందే మొదలుపెట్టండి. ఆ సాయంత్రం మొదలుపెడితే మిగిలేది తలుపులు మూసి పక్కన కూర్చోవడమే.