ఆరు మూతల క్రింది నీరు

భద్రాచలము వద్ద గోదావరి 43 అడుగులకు చేరిన మొదటి హెచ్చరిక, 48కి రెండవది, 53కి మూడవది అని మా ప్రాంతమున బడిపిల్లలు సైతము ఎక్కము వలె అప్పగింతురు; 1986 ఆగస్టులో ఆ నది 75.6 అడుగులెక్కిన నాటి కథ మా పెద్దలకు నేటికిని నిన్నటి మాటయే. ఇట్లు ఎక్కు నీటిపై ఊరంతయు కన్నువేసి యుండగా, దిగు నీటిపై కన్నువేసి యుండు పని ఒకటి నా పాలబడినది. అది మా వసారా మూలన ఇన్వర్టరు ప్రక్కన కూర్చున్న నల్లని బ్యాటరీలోని నీరు.

పాల్వంచలో 1960ల నాటి నుండియు థర్మల్ కేంద్రమున్నది. మణుగూరు చెంత 1080 మెగావాట్ల భద్రాద్రి కేంద్రము వెలసినది. సింగరేణి బొగ్గు మా కాళ్ళ క్రిందనే యున్నది. అయినను దుమ్ముగూడెము, చర్ల దారుల అడవిలో గాలివానకొక ఇప్పకొమ్మయో మద్దికొమ్మయో తీగలపై కూలెనా, దానిని నరికి తీగను సరిచేయు మనిషి వచ్చువరకు, కరెంటు పుట్టినింటివారమన్న మా గర్వము చీకటిలో ఎందుకును కొరగాదు.

2022 వేసవిలో ఇన్వర్టరును ఆపకయే కుమారుని ఇంటికి పోయి, రోహిణికార్తె దాటిన పిదప తిరిగివచ్చిన నేను, వచ్చినదే తడవుగా తులసికోటకు నీరు పోసితిని గాని బ్యాటరీ మూత విప్పి చూడనైతిని. జూలైలో వరద వచ్చినది, నది 71.3 అడుగులకు పోయినది. మా వీధి మెరక గనుక నీరు రాలేదు, కరెంటు మాత్రము పోయినది. ఒక దీపమును ఒక పంకాను తెల్లవార్లు నడుపవలసిన బ్యాటరీ గంట తిరుగకమునుపే కీచుమని అరచి ఊరకుండెను. గోదావరి పొంగి పొరలుచున్న ఆ రాత్రి మా ఇంట నీరు లేక చచ్చినది అదొక్కటియే.

వరద తీసిన పిదప వచ్చిన మెకానిక్కు మూత విప్పి చూపగా, పలకల తలలు సున్నము కొట్టినట్లు తెల్లబడి యుండెను. ఆసిడ్ పోసి బ్రతికింపుమంటిని. అతడు నవ్వి, “ఆసిడ్ ఎటూ పోదు సార్, నీళ్ళే పోతయి. పోయిందే పొయ్యాలె” అనెను.

ఆ రెండు ముక్కలలో శాస్త్రమున్నది. 1859లో ఫ్రాన్సు దేశీయుడు గాస్టన్ ప్లాంటే సీసపు రేకులను గంధకికామ్లమున ముంచి చేసిన ఏర్పాటే కొద్ది మార్పులతో నేటికిని మన ఇండ్లలో నున్నది. బ్యాటరీ వాడబడునపుడు ఆమ్లము పలకలను పట్టుకొనును, ఛార్జి ఎక్కునపుడు మరల విడివడును; నిండిన తరువాతను ఎక్కుచుండు విద్యుత్తు మాత్రము నీటిని ఉదజనిగను ఆమ్లజనిగను చీల్చి మూతల రంధ్రముల గుండ వెడలగొట్టును. ఎండ ముదిరినకొలది ఈ వ్యయము హెచ్చును. పోయిన నీటికి బదులు ఆమ్లము పోసినచో గాఢత పెరిగి పలకలకే చేటు. కుళాయినీటిలోని ఇనుము, లవణములు కూడ పడవు. గోదావరి తీర్థమైనను, డబ్బాలలో అమ్ము మినరల్ వాటరైనను అంతే. కావలసినది స్వేదన జలము, అంగడిలో ‘బ్యాటరీ వాటర్’ అని అడిగిన దొరకునది. ఆవిరిని చెమటగా దింపిన నీటికి ఆ సంస్కృతపు పేరు పెట్టిన మహానుభావుడెవరో గాని, చమత్కారి.

నాటి నుండి నెలకొక శనివారము ఉదయము, చేతి ఉంగరము తీసి గూటిలో పెట్టి, లోపల దుమ్ము పడకుండ ముందు పైభాగము తుడిచి, ఆరు మూతలు ఒక్కటొక్కటిగా విప్పుదును. ఒక్కొక్క మూత క్రింద రెండేసి వోల్టుల అర ఒకటి. దానిలో ఎర్రగీత, పచ్చగీత గల చిన్న తేలుడుపుల్ల. నీరు పోయవలసినది ఛార్జి నిండిన పిదపనే; పలకలు బయటపడి యున్నచో మాత్రము అవి మునుగునంత పోసి, ఛార్జి చేసి, తక్కినది తరువాత పోయవలెను. ఈ క్రమము తెలియని తొలినాళ్ళలో అంచుదాక పోసి ఛార్జికి పెట్టగా, పొంగి కారినదానిని ధోవతి చెంగుతోనే తుడిచితిని. అప్పుడు దానికేమియు కాలేదు. ఉతికి ఆరవేసిన నాడు చూతునుగదా, చెంగంతయు జల్లెడ! మా ఇంటావిడ దానిని పారవేయనీయలేదు. బ్యాటరీ తుడుచుటకు నేటికిని అదియే గుడ్డ.

మీ వసారాలోను ఇట్టిదొకటి ఉండును గదా, తొలకరి గాలివానలకు ముందే ఒకసారి మూతలు విప్పి చూడుడు. అయితే, అరలలో నుండి వచ్చు ఉదజని నిప్పు తగిలిన పేలునది గనుక, చూచునపుడు చేత టార్చిలైటు ఉండవలెను గాని అగ్గిపుల్ల కాదు.