ముఖం చెక్కని శిల్పులు

పది ఆజ్ఞల్లో రెండోది విగ్రహాలు చెక్కవద్దంటుంది. ఆ ఒక్క మాట పట్టుకుని యూదులకు శిల్పమే లేదని తేల్చేసినవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. పశ్చిమ ఉక్రెయిన్‌లో పొదోలియా అనే ప్రాంతం ఉంది. అక్కడి సతానివ్ లాంటి చిన్న పట్నాల పాత యూదు శ్మశానాల్లో వరసలు వరసలుగా నిలబెట్టిన సమాధి రాళ్ల ఫొటోలు చూస్తే ఎవరూ ఒప్పుకోరు. సున్నపురాయి, ఇసుకరాయి పలకలు. అంగుళం ఖాళీ వదలకుండా తీగలు, ద్రాక్షగుత్తులు, కిరీటాలు, పక్షులు, సింహాలు. మనిషి ముఖం మాత్రం దాదాపు ఎక్కడా కనిపించదు.

ఆ ఊరి రాతిపనివాడి పరిస్థితి ఆలోచించండి. పోయిన మనిషి అతనికి ముక్కూమొహం తెలియనివాడు కాదు, పక్క వీధివాడే. రాయి చూడగానే ఇది ఫలానావాళ్లదని ఊరు గుర్తుపట్టాలి. పోలిక చెక్కడానికి లేదు. మరి ఏం చెక్కాలి?

ఆ మనిషి ఊరికి ఏమవుతాడో అది చెక్కాడు. అహరోను వంశంలో పుట్టిన యాజకుడైతే రెండు అరచేతులు: బొటనవేళ్లు దగ్గరగా, మిగతా వేళ్లు రెండేసిగా విడదీసి, ప్రార్థనా మందిరంలో జనాన్ని దీవించేటప్పుడు పట్టినట్టుగా. లేవీయుడైతే నీళ్లు వంపుతున్న కూజా, ఎందుకంటే దీవెనకు ముందు యాజకుల చేతులు కడిగేది లేవీయులే. చదువుకున్నవాడికి పుస్తకాలు. అడిగినవాడికి లేదనకుండా ఇచ్చినవాడికి, ధర్మం పెట్టెలో నాణెం వేస్తున్న చేయి. చిన్న వయసులో పోయినవాళ్లకు విరిగిన చెట్టు, తెగిన కొమ్మ.

పేర్లు కూడా బొమ్మలయ్యాయి. మన దగ్గర సింహాచలాలు, చిలకమ్మలు ఉన్నట్టే యూదుల యిద్దిష్ భాష మాట్లాడే ఆ ఊళ్లలో లైబ్‌లు, హిర్ష్‌లు, ఫైగెల్‌లు ఉండేవారు. ఆ పేర్ల అర్థాన్ని బట్టి లైబ్ సమాధి మీద సింహం, హిర్ష్ మీద లేడి, ఫైగెల్ మీద పిట్ట. సింహం, లేడి ఊరికే రాలేదు. ఆదికాండంలో యాకోబు చనిపోయే ముందు కొడుకులను దీవిస్తూ యూదాను సింహంతో, నఫ్తాలిని లేడితో పోలుస్తాడు. అక్షరం రానివాడు కూడా ఆ బొమ్మ చూసి పేరు చదివేవాడు.

ఆడవాళ్ల రాళ్ల దగ్గర నేను ఎక్కువసేపు ఆగుతాను. శుక్రవారం పొద్దువాలేవేళ ఇంట్లో వారపు విశ్రాంతి దినమైన సబ్బాతు దీపాలు వెలిగించడం ఇల్లాలి పని. అందుకని వాళ్ల సమాధుల మీద దీపస్తంభాలు ఉంటాయి. మూడు కొమ్మలవి, అయిదు కొమ్మలవి, కొన్నిచోట్ల తీగలాగా మెలికలు తిరిగి చెట్టుకూ దీపానికీ తేడా తెలియనివి. కొన్నిటిపై ఆ దీపాల మీదుగా చాచిన రెండు చేతులు కూడా ఉంటాయి. వెలిగించి, చేతులు చాపి, ఆశీర్వచనం చెప్పుకునే ఆ క్షణాన్ని చెక్కాడన్నమాట. మందిరంలో చదువు, వాదన, పెద్దరికం అంతా మగవాళ్లదైన కాలంలో, వారంవారం ఆమె చేసిన పని రాయి మీదికెక్కింది. ఇదంతా ఒక మూస అనేవాళ్లతో నాకు పేచీ ఉంది. నమూనా ఒకటే అయినా ఒక రాతి మీద ఉన్న చేతులు పక్క రాతి మీద ఉండవు. ఒకటి బొద్దుగా, ఒకటి సన్నగా, వేళ్ల కణుపులతో సహా. ముఖానికి దొరకని పోలిక చేతుల్లోకి వచ్చిందని నాకనిపిస్తుంది.

ఈ రాళ్లకు అప్పట్లో రంగులు కూడా వేసేవారు. వానలకు పోయి, చెక్కడపు పల్లాల్లో మాత్రం అక్కడక్కడా మిగిలాయి. చెక్కినవాళ్ల పేర్లు చాలావరకు లేవు.

ఈ సంపదను గుర్తించి వెతుక్కుంటూ వెళ్లినవాళ్లలో యూదు రచయిత అన్‌స్కీ ఒకరు. ‘దిబ్బుక్’ నాటకం రాసిన ఆయనే. 1912 నుంచి 1914 దాకా వొలీనియా, పొదోలియా ఊళ్లు తిరిగి పాటలు, కథలు, వస్తువులు సేకరించారు. ఆయన వెంట వెళ్లిన సొలొమోన్ యుదోవిన్ ఫొటోలు తీశాడు, నగిషీలకు నకళ్లు గీసుకున్నాడు. వాటి ఆధారంగా చేసిన అచ్చుబొమ్మలు 1920లో వితెబ్‌స్క్‌లో పుస్తకంగా వచ్చాయి. మరో ఇరవయ్యేళ్లకు నాజీల చేతిలో ఆ ఊళ్లకు ఏ గతి పట్టిందో తెలిసినప్పుడు ఆ నకళ్ల విలువ తెలుస్తుంది.

రాతిపని ఒక చెయ్యయితే చెక్కపని రెండో చెయ్యి. పాత పోలండ్-లిథువేనియా రాజ్యంలో పూర్తిగా కలపతో కట్టిన ప్రార్థనా మందిరాలుండేవి. యూదుల ధర్మశాస్త్రమైన తోరా చుట్టలు దాచే మందసాన్ని నిలువెత్తు మేడలా అంతస్తులు అంతస్తులుగా చెక్కేవారు. పైన కిరీటం, పది ఆజ్ఞల పలకలు, వాటికి అటూ ఇటూ కాపలాగా రెండు సింహాలు. ఆ సింహాల ముఖాల్లో ఎంతో నెమ్మది ఉంటుంది. చెక్కినవాళ్లలో చాలామంది సింహాన్ని కళ్లారా చూసి ఉండరు. గ్రంథంలో విన్న సింహమే వాళ్లకు తెలిసిన సింహం.

ఆ కలప మందిరాలను నాజీలు తగలబెట్టారు. ఇప్పుడు ఉక్రెయిన్‌లో ఉన్న గ్వొజ్‌జెట్స్ ఊరి మందిరం 1941లో పోయింది. దాని కప్పు లోపలంతా జంతువులు, పూలు, ప్రార్థనల చిత్రాలు ఉండేవి. గీసినవాళ్లలో ఒకడైన యారిచువ్ ఊరి ఇజ్రాయెల్ బెన్ మోర్దెకాయ్ తన పేరు కూడా రాసుకున్నాడు. వందేళ్ల కిందటి ఫొటోలు, కొలతలు ఆధారం చేసుకుని, పాత పనిముట్లతోనే కలప చెక్కి, వందల మంది కలిసి ఆ కప్పును మళ్లీ తయారుచేశారు. వార్సాలోని పోలిన్ మ్యూజియంలో అది ఉంది. సమాధి రాళ్లకు మరో రకం నాశనం: వాటిని పెకలించి రోడ్లకు పరిచారు. పోలండ్‌లోని కజిమీర్జ్ దోల్నీ ఊళ్లో, అలా పరిచిన రాళ్ల ముక్కలను తిరిగి ఏరి 1984లో ఒక గోడ కట్టారు. గోడ మధ్యలో పైనుంచి కిందికి పెద్ద చీలిక కావాలని వదిలారు. వేరే ఏ స్మారకమూ అంత నిజం చెప్పలేదని నా అభిప్రాయం.

పని మాత్రం పోలేదు. ఈ నాశనానికి చాలా ముందే కొందరు పనివాళ్లు ఉలులు మూటగట్టుకుని అమెరికా ఓడ ఎక్కారు. బ్రూక్లిన్‌లోని కోనీ ఐలండ్‌లో అప్పుడు రంగులరాట్నాల వ్యాపారం జోరుగా సాగుతోంది. లిథువేనియా నుంచి వచ్చిన మార్కస్ ఇలియన్స్ అక్కడ గుర్రాలు చెక్కాడు. జూలు గాలికి ఎగిరి, నోరు తెరుచుకుని, నాసికలు ఉబ్బి దూకబోతున్న గుర్రాలు. ఒక మందసం సింహాలు కూడా ఆయనవేనని చెబుతారు. సింహం జూలు, గుర్రం జూలు పక్కపక్కన పెట్టి చూస్తే ఉలి తిరిగిన తీరు ఒకటే. న్యూయార్క్ జానపద కళా మ్యూజియం 2007లో ఈ రెంటినీ కలిపి ప్రదర్శన పెట్టింది. గుడి పని గొప్పది, తిరనాళ్ల పని తక్కువది అనే లెక్క ఆ పనివాళ్లకు ఉన్నట్టు ఆ ఉలి చూస్తే అనిపించదు.

సొలొమోన్ స్టైన్, హ్యారీ గోల్డ్‌స్టైన్ రష్యా సామ్రాజ్యం నుంచి వచ్చిన మరో ఇద్దరు పనివాళ్లు. 1908లో వాళ్లు చెక్కిన రాట్నమే ఇప్పుడు న్యూయార్క్ సెంట్రల్ పార్కులో తిరుగుతోంది. మొత్తం 57 గుర్రాలు. 1951లో కోనీ ఐలండ్ నుంచి అక్కడికి తెచ్చారు. న్యూజెర్సీలో ఉన్న కొడుకు దగ్గరికో కూతురు దగ్గరికో వెళ్లే మనవాళ్లు ఎలాగూ ఒకరోజు న్యూయార్క్ చూడటానికి బయల్దేరతారు. మనవడిని ఆ గుర్రమెక్కించండి. రాట్నం ఆగాక, దిగే ముందు, ఆ జూలు మీద ఒకసారి చెయ్యి వేసి చూడండి.