రెండు జవాబులు: ‘పెర్సెపొలిస్’ సినిమా

కొండల నుంచి దిగి పట్నం హాస్టళ్లలో చేరిన మన పిల్లల్ని ఇబ్బంది పెట్టే ప్రశ్న ఒకటుంది. ‘‘మీదే ఊరు?’’ అదే ప్రశ్నకు ఒక ఇరాన్ అమ్మాయి రెండుసార్లు చెప్పిన రెండు జవాబుల కథే ‘పెర్సెపొలిస్’.

మర్జాన్ సత్రాపి 1969లో ఇరాన్‌లో పుట్టి, ఫ్రాన్సులో స్థిరపడిన చిత్రకారిణి. తన బతుకును బొమ్మల పుస్తకంగా గీసి, 2000 నుంచి 2003 వరకు నాలుగు భాగాలుగా అచ్చు వేయించారు. 2007లో విన్సెంట్ పారోనోతో కలిసి దాన్నే సినిమాగా తీశారు. ఆ ఏడాది కాన్ చిత్రోత్సవంలో జ్యూరీ బహుమతి వచ్చింది.

1979 విప్లవంలో షా పాలన పోయింది. ఆ సంబరం ఎంతోకాలం నిలవలేదు. షా కాలంలో జైలుపాలైన బంధువు అనూష్‌ను కొత్త పాలకులు చంపేశారు. జైల్లో రొట్టెముద్దతో అతను చేసిన హంస బొమ్మ మర్జాన్ దగ్గర మిగిలింది. ఇరాక్‌తో యుద్ధం నడుస్తుండగా, నోరు ఊరుకోని ఈ పిల్లను తల్లిదండ్రులు వియన్నాకు పంపారు. అక్కడొక విందులో ‘ఎక్కడి దానివి’ అని అడిగితే, ఫ్రెంచిదాన్నని చెప్పింది. తిరిగి వస్తుంటే, ఎక్కడో టెహ్రాన్‌లో ఉన్న అమ్మమ్మ పక్కనే నడుస్తూ చీవాట్లు పెట్టింది. సినిమాకు ప్రాణం ఈ ఘట్టమే.

జ్ఞాపకాలన్నీ నలుపు తెలుపుల్లో ఉంటాయి. రంగులున్నది పారిస్ విమానాశ్రయంలోని వర్తమానానికే. కానీ నవ్వులు, కోపాలు, మల్లెల వాసన అన్నీ ఆ నలుపు తెలుపుల్లోనే ఉన్నాయి. రంగుల లోకంలో ఆమె విమానం ఎక్కలేక కూర్చుండిపోతుంది. చివరికి టాక్సీ డ్రైవరు అదే ప్రశ్న అడిగితే, ఈసారి ఇరాన్ అనే చెబుతుంది. పెద్ద ఉపన్యాసమేమీ ఉండదు. ఒక్క మాటతో సరిపెట్టారు. అది మాకు నచ్చింది.

నచ్చనివీ ఉన్నాయి. టెహ్రాన్ అమ్మమ్మ, వియన్నా స్నేహితులు ఒకే ఫ్రెంచిలో మాట్లాడతారు. ఇంటి భాష దూరమైన పిల్ల పడే యాతన మన చెవికి వినిపించదు. పైగా ఇది కూతుర్ని విదేశం పంపగల స్తోమత ఉన్న ఇంటి కథ. పంపలేని ఇళ్ల జ్ఞాపకాలకు ఇందులో చోటు తక్కువ.

భాష మాట దగ్గర మనమూ ఆగి ఆలోచించాలి. మర్జాన్ దేశం దాటింది. మనం సొంత నేల మీదే ఉన్నాం. అయినా బడి గడప దాటగానే కోయ, కువి, సవర మాట్లాడే పిల్ల పరాయిది అవుతోంది. ఈ వ్యాసం కూడా తెలుగులోనే రాస్తున్నాం. పరాయి భాషలో చెప్పినా జ్ఞాపకం నిలుస్తుందని సత్రాపి చూపించారు. కానీ అమ్మమ్మ గొంతు అమ్మమ్మ భాషలో వినిపిస్తే ఆ బలమే వేరు.

తోటి ఉపాధ్యాయులకు ఒక సూచన. పై తరగతుల పిల్లలకు ఈ సినిమా చూపించండి. తర్వాత వాళ్ల ఇంటి పెద్దలు చెప్పిన ఒక సంగతిని ముందు ఇంటి భాషలో, ఆ తర్వాత తెలుగులో రాయించండి. రెంటినీ తరగతిలో గట్టిగా చదివించండి.