కాలికంటే ముందు కన్ను

ఫుట్‌బాల్ చూస్తున్నంతసేపూ మన చూపు బంతి వెంటే పరిగెడుతుంది. బంతి ఎవరి కాళ్ల దగ్గర ఉంటే ఆ క్షణానికి అతనే హీరో. గోల్ పడితే స్టేడియం అంతా లేచి నిలబడుతుంది. పడకుండా ఆగిపోయిన గోల్‌కు ఆ పండగ ఉండదు. అది పడబోయిందన్న సంగతే చాలామంది గమనించరు. పోర్చుగల్ సెంటర్-బ్యాక్ రికార్డో కార్వాల్యో దాదాపు ఇరవై ఏళ్లపాటు చేసిన పని అదే. ప్రమాదం కంటపడకముందే దాని దారి మూసేయడం.

అతని ఆట చూసినవాళ్లకు బాగా పరిచయమైన దృశ్యం ఒకటుంది. ప్రత్యర్థి మిడ్‌ఫీల్డర్ తల ఎత్తుతాడు. అతని పాస్ కోసం స్ట్రైకర్ ఇద్దరు డిఫెండర్ల మధ్య సందులోకి పరుగు తీస్తాడు. ఈలోపే కార్వాల్యో తల తిప్పి భుజం మీదుగా ఒకసారి వెనక్కి చూసి ఉంటాడు. ఒక కాలు వెనక్కి, ఒళ్లు కొంచెం పక్కకి, మోకాళ్లు కాస్త వంచి నిలబడి ఉంటాడు. మిడ్‌ఫీల్డర్ కాలి నుంచి బంతి కదిలేసరికి ఇతను రెండడుగులు వేసేసి ఉంటాడు. స్ట్రైకర్ అక్కడికి చేరేసరికి బంతి కార్వాల్యో దగ్గరుంటుంది. నేల మీద జారడం లేదు, గుద్దుకోవడం లేదు, రెఫరీ విజిల్ లేదు. బంతిని పక్కవాడికి ఇచ్చి మళ్లీ తన చోటుకు నడిచి వెళ్లిపోతాడు. కామెంటేటర్ మరో మాటలో పడిపోతాడు.

ఆ రెండడుగుల వెనక ఒక దేశపు ఫుట్‌బాల్ విద్య ఉంది.

మూడు ఊళ్ల చదువు

కార్వాల్యో 1978 మే 18న ఉత్తర పోర్చుగల్‌లోని అమరాంతెలో పుట్టాడు. తమెగా నది ఒడ్డున ఉన్న చిన్న పట్టణం అది. ఊరి క్లబ్‌లో ఆట మొదలుపెట్టి, దగ్గర్లోని పెద్ద నగరమైన పోర్టోకు, అక్కడి ఎఫ్‌సీ పోర్టో కుర్రాళ్ల జట్టుకు చేరాడు. అయితే పోర్టో అతణ్ని వెంటనే పెద్ద జట్టులో ఆడించలేదు. లెసా, విటోరియా సెతూబల్, అల్వెర్కా అనే మూడు చిన్న క్లబ్బులకు ఒకదాని తర్వాత ఒకటిగా లోన్‌పై పంపింది.

డిఫెండర్‌కు అంతకంటే మంచి బడి ఉండదు. పెద్ద జట్టులో మ్యాచ్ సగభాగం బంతి మనవాళ్ల దగ్గరే తిరుగుతుంది, వెనక ఉన్నవాడికి పని తక్కువ. చిన్న జట్టులో అలా కాదు. ఆట అయ్యేవరకూ దాడి మీద దాడి వస్తూనే ఉంటుంది. ప్రతి వారం కొత్త స్ట్రైకర్, కొత్త ఎత్తుగడ. ఎక్కడ తప్పు చేస్తే గోల్ పడుతుందో శరీరానికి గుర్తుండిపోతుంది.

2002 జనవరిలో జోసె మౌరిన్యో పోర్టో కోచ్‌గా వచ్చాడు. పోర్టో విశ్వవిద్యాలయంలో బోధించిన వీతోర్ ఫ్రాద్ ఒక సాధన పద్ధతిని రూపొందించాడు. మౌరిన్యో శిక్షణకు పునాది ఆ పద్ధతే. దాని సారం చెప్పడం తేలికే. పరుగు వేరు, బలం వేరు, ఎత్తుగడ వేరు అని ఆటను ముక్కలు చేసి నేర్పకూడదు. మైదానం చుట్టూ ఊరికే పరిగెత్తించడం ఉండదు. ప్రతి కసరత్తులోనూ బంతి ఉండాలి, ప్రత్యర్థి ఉండాలి, ఏదో ఒక నిర్ణయం తీసుకోవలసిన అవసరం ఉండాలి. ఆ బడిలో కాళ్లతోపాటు బుర్ర కూడా అలసిపోతుంది. ముందుచూపుతో ఆడే కార్వాల్యోకు అది సరిగ్గా సరిపోయింది.

నిలబడటంలోనే సగం పని

డిఫెండర్ కళలో మొదటి పాఠం నిలబడే తీరు. దాడి చేసేవాడికి ఎదురుగా గోడలా నిలబడితే, అతను ఎటు తిరిగినా మనం పూర్తిగా తిరగాలి, ఆ తిరుగుడులోనే అరసెకను పోతుంది. అందుకే పక్కవాటుగా, సగం తిరిగి నిలబడాలి. అలా నిలబడితే ఒక కంటితో బంతినీ, ఇంకో కంటితో మనిషినీ చూడొచ్చు. అంతేకాదు, ఎదుటివాడికి ఒకవైపు దారి మూసి, రెండోవైపు తెరిచి ఉంచవచ్చు. తెరిచిన దారి మైదానం అంచుకు తీసుకుపోయేదై ఉండాలి. దాడి చేసేవాడు తానే దారి ఎంచుకున్నాననుకుంటాడు. నిజానికి ఎంచింది డిఫెండర్.

రెండో పాఠం, మనిషి వెంట పడకుండా చోటును కాయడం. పూర్వం ఒక్కో డిఫెండర్‌కు ఒక్కో స్ట్రైకర్‌ను అప్పగించేవారు. అతను ఎక్కడికి పోతే నీడలా అక్కడికి పోవడమే పని. తెలివైన స్ట్రైకర్ ఆ నీడను ఈడ్చుకుపోయి, ఖాళీ అయిన చోటును తన జట్టువాడికి అప్పగించేవాడు. చోటును కాసే పద్ధతిలో నలుగురు డిఫెండర్లూ ఒకే తాడుకు కట్టినట్టు కదులుతారు. బంతి కుడివైపు పోతే నలుగురూ కుడికి జరుగుతారు. ఒకడు ముందుకు వెళ్తే మిగతా ముగ్గురూ దగ్గరకు వచ్చి ఆ ఖాళీ పూడుస్తారు.

ఇక జోడీ. ఇద్దరు సెంటర్-బ్యాక్‌లలో ఒకడు బంతి మీదికి వెళ్తే రెండోవాడు అతని వెనక నాలుగడుగుల దూరంలో కాపు కాయాలి. చెడుగుడులో పట్టు వేసేవాడొకడు, కవర్‌లో ఉండి దారి కాసేవాడొకడు ఉన్నట్టే. పోర్టోలో కెప్టెన్ జోర్జె కోస్తా, చెల్సీలో జాన్ టెర్రీ, రియల్ మాడ్రిడ్‌లో పెపె. కార్వాల్యో పక్కన ఆడిన ముగ్గురూ ఎదురెళ్లి ఢీకొట్టే రకం. ఆ ఢీలో బంతి తప్పితే ఎటు జారుతుందో ముందే లెక్కగట్టి అక్కడ ఉండటం కార్వాల్యో వంతు.

మూడోది ఆఫ్‌సైడ్ గీత. పాస్ కొట్టే క్షణానికి దాడి చేసేవాడు చివరి నుంచి రెండో ప్రత్యర్థి కంటే గోల్‌కు దగ్గరగా ఉంటే అది ఆఫ్‌సైడ్. గోల్‌కీపర్ ఎలాగూ చివర్లో ఉంటాడు కనుక సాధారణంగా ఆ రెండో ఆటగాడు డిఫెండరే. 1990 నుంచి సమానంగా ఉన్నా ఆఫ్‌సైడ్ కాదు. అంటే ఒక అడుగు తేడాతో గోల్ పడుతుంది, ఒక అడుగు తేడాతో జెండా లేస్తుంది. గీతను ఎప్పుడు ముందుకు జరపాలో, ఎప్పుడు వెనక్కి తగ్గాలో బంతి దగ్గరున్నవాణ్ని చూసి తేల్చుకోవాలి. అతను తల దించి ఉంటే పాస్ ఇవ్వలేడు, కాబట్టి ముందుకు జరగొచ్చు. తల ఎత్తి, కాలు వెనక్కి లాగాడంటే పొడవాటి పాస్ వస్తోంది, వెనక్కి పరుగు తీయాలి.

నేల మీద జారుతూ బంతిని తన్నేసే స్లైడ్ ట్యాక్లింగ్‌కు చప్పట్లు బాగా పడతాయి. అవసరమైతే కార్వాల్యో దాన్నీ చక్కగా చేసేవాడు. కానీ ఈ విద్యలో దాని స్థానం చివరిది. కిందపడ్డ డిఫెండర్ లేచేలోపు ఆట అతన్ని దాటిపోతుంది. చాలాసార్లు అది చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే.

బంతి దొరికాక ఏం చేయాలన్నది ఆఖరి పాఠం. భయపడి స్టాండ్స్‌లోకి కొట్టేస్తే గండం తాత్కాలికంగా తప్పుతుంది, బంతి మాత్రం మళ్లీ ప్రత్యర్థికే వెళ్తుంది. కార్వాల్యో బంతిని కాళ్ల దగ్గర పెట్టుకుని మిడ్‌ఫీల్డ్‌లోకి నడిపించుకుపోయేవాడు. ఎవరో ఒకరు అతనికి అడ్డు రావలసిందే. అలా వచ్చినవాడు వదిలిన చోట మన మనిషి ఖాళీగా ఉంటాడు. దాడికి తొలి అడుగు అక్కడే పడుతుంది.

అంకెలు చెప్పే సాక్ష్యం

ఈ కళకు కొలత పడని గోల్సే. 2003లో సెవియాలో సెల్టిక్‌ను 3-2తో ఓడించి పోర్టో యుయెఫా కప్ గెలిచింది. మరుసటి ఏడాది మే 26న గెల్సెన్‌కిర్షెన్‌లో మొనాకోను 3-0తో ఓడించి చాంపియన్స్ లీగ్ అందుకుంది. ఆ సీజన్‌కు యూరప్ క్లబ్ ఫుట్‌బాల్‌లో అత్యుత్తమ డిఫెండర్ అవార్డు కార్వాల్యోకు దక్కింది.

అదే వేసవిలో మౌరిన్యోతోపాటు చెల్సీకి వెళ్లాడు. 2004-05 ప్రీమియర్ లీగ్‌లో 38 మ్యాచ్‌లలో చెల్సీ మీద పడ్డవి 15 గోల్స్ మాత్రమే. ఆ రికార్డు ఇప్పటికీ చెక్కుచెదరలేదు. ఇంగ్లండ్‌లో ఎత్తయిన బంతులు, బలమైన భుజాలు ఎక్కువ. కార్వాల్యో ఎత్తు ఆరడుగులు, సెంటర్-బ్యాక్‌కు అది మామూలు ఎత్తే. అక్కడ మూడుసార్లు లీగ్ గెలిచిన జట్లలో ఆడాడు.

2006 ప్రపంచకప్‌లో సెమీఫైనల్ చేరేవరకు పోర్చుగల్ అయిదు మ్యాచ్‌లలో ఇచ్చుకున్నది ఒక్క గోల్. 2010 ప్రపంచకప్‌లో నాలుగు మ్యాచ్‌లకు కలిపి కూడా ఒక్కటే. స్పెయిన్ తరఫున డేవిడ్ వియా కొట్టిన ఆ ఒక్క గోల్‌తోనే పోర్చుగల్ ఇంటికి వెళ్లింది. కార్వాల్యో 32వ ఏట రియల్ మాడ్రిడ్‌లో చేరాడు. 2011 స్పెయిన్ కింగ్స్ కప్ ఫైనల్‌లో, పెపెను మిడ్‌ఫీల్డ్‌కు పంపిన రోజున, సెర్హియో రామోస్‌తో కలిసి వెనక నిలబడ్డాడు. అదనపు సమయం దాకా సాగినా ఆనాటి బార్సెలోనాకు ఒక్క గోల్ కూడా దక్కలేదు.

వారసత్వం

పోర్చుగల్ అనగానే మనకు యూసేబియో, ఫీగో, రొనాల్డో గుర్తుకొస్తారు. జనాభా కోటికి కాస్త పైన ఉన్న ఆ దేశం వెనక వరసలోనూ అంతటి ఘనులను కన్నది. 1961, 62లలో బెన్ఫికా యూరోపియన్ కప్‌లు గెలిచినప్పుడు వెనక నిలిచినవాడు జెర్మానో. 1965 ఫైనల్‌లో ఇంటర్ మిలాన్‌తో ఆడుతుండగా గోల్‌కీపర్ కోస్తా పెరైరా గాయపడ్డాడు. అప్పట్లో బదులు ఆటగాణ్ని దింపే వీల్లేదు. జెర్మానో గ్లవ్స్ తొడుక్కుని గోల్‌పోస్ట్‌ల మధ్యకు వెళ్లాడు. అప్పటికే పడిన ఒక్క గోల్‌తో మ్యాచ్ పోయింది. అతను నిలబడ్డాక మాత్రం ఇంకో గోల్ పడలేదు.

ఆ తర్వాత ఉంబెర్తో కొయెల్యో. వెనక కాపు కాస్తూనే ముందుకెళ్లి గోల్స్ కొట్టిన బెన్ఫికా డిఫెండర్. ఆ తర్వాత పోర్చుగల్ తరఫున వంద మ్యాచ్‌లు దాటిన తొలి ఆటగాడు ఫెర్నాండో కోటో. 2004 యూరో కప్ తొలి మ్యాచ్‌లో గ్రీస్ చేతిలో ఓడాక, కోటో స్థానంలోకి కార్వాల్యో వచ్చాడు. బ్రెజిల్‌లో పుట్టి పోర్చుగల్‌కు ఆడిన పెపె 2024 యూరోలో 41 ఏళ్ల వయసులో మైదానంలో ఉన్నాడు. మాంచెస్టర్ సిటీకి ఆడుతూ రూబెన్ దియాస్ 2021లో ఇంగ్లండ్ ఫుట్‌బాల్ రచయితల ఉత్తమ ఆటగాడి గౌరవం అందుకున్నాడు. 1989 తర్వాత ఒక డిఫెండర్‌కు అది దక్కడం అదే మొదలు. స్వభావాలు వేరైనా వీళ్లను కలిపే గుణం ఒకటుంది. బంతిని శత్రువుగా చూడరు. దాన్ని తీసుకోవడానికి వెళ్తారు, ఆడటానికి తీసుకుంటారు.

తప్పిన అడుగులు

ఈ పనిలో తప్పుకు చోటు చాలా తక్కువ. స్ట్రైకర్ నాలుగు అవకాశాలు పోగొట్టి అయిదోది గోల్ చేస్తే వీరుడు. డిఫెండర్ తొంభై సార్లు సరిగ్గా చేసి ఒక్కసారి తప్పితే ఆ ఒక్కటే మిగులుతుంది. 2006 ప్రపంచకప్‌లో మ్యూనిక్‌లో ఫ్రాన్స్‌తో ఆడిన సెమీఫైనల్‌లో అదే జరిగింది. పెనాల్టీ ఏరియాలో థియెరీ ఆన్రీ తిరిగాడు. కార్వాల్యో అప్పటికే పడిపోతూ కాలు చాచాడు. ఆన్రీ కూలిపోయాడు. 33వ నిమిషంలో జిదాన్ పెనాల్టీ కొట్టాడు. మ్యాచ్ 1-0తో ముగిసింది. నిలబడటంలోనే సగం పని అని జీవితమంతా చూపించినవాడు, నిలబడలేకపోయిన ఆ ఒక్క క్షణానికి ఫైనల్‌ను మూల్యంగా చెల్లించాడు.

2011లో సైప్రస్ మ్యాచ్‌కు ముందు జాతీయ జట్టు శిబిరం నుంచి చెప్పకుండా వెళ్లిపోయాడు. ఫెడరేషన్ ఏడాది నిషేధం వేసింది. జట్టు గీత దాటకూడదన్నది ఈ కళకు ప్రాణం. ఆ గీతను అతనే దాటాడు. దాన్ని నేను సమర్థించలేను.

కానీ కథ అక్కడితో ముగియలేదు. మొనాకోకు ఆడుతున్న అతన్ని 2014లో కొత్త కోచ్ ఫెర్నాండో సాంతోస్ తిరిగి పిలిచాడు. అప్పటికి అతనికి 36 ఏళ్లు. డెన్మార్క్ మీద ఆడాడు, పోర్చుగల్ 1-0తో గెలిచింది. పరుగుతో బతికే ఆటగాడికి ఆ వయసులో తిరిగి పిలుపు రాదు. ముందుచూపుతో ఆడేవాడికి వస్తుంది, ఎందుకంటే కాళ్లు తగ్గినా కన్ను తగ్గదు. ఈ విద్య విలువ నాకు అన్నిటికంటే స్పష్టంగా కనిపించేది ఇక్కడే. ఒంటితో పుట్టిన వేగం ఒంటితోనే పోతుంది. కష్టపడి నేర్చుకున్న చూపు మనిషి దగ్గర మిగులుతుంది, ఇంకొకరికి ఇవ్వడానికి కూడా పనికొస్తుంది. ఇప్పుడు అతను చేస్తున్నది అదే. ఆట మానేశాక శిక్షకుడై, 2023లో రొబెర్తో మార్తినెజ్‌కు సహాయకుడిగా పోర్చుగల్ జట్టులోకే తిరిగి వచ్చాడు.

2004 జులై 4న లిస్బన్‌లో, సొంత జనం ముందు, గ్రీస్ చేతిలో యూరో ఫైనల్ ఓడిన జట్టులో అతను ఉన్నాడు. పన్నెండేళ్ల తర్వాత, 2016 జులై 10న ప్యారిస్ పక్కన సాన్ డెనీలో పోర్చుగల్ ఫ్రాన్స్‌ను ఓడించి తొలిసారి యూరో కప్ ఎత్తింది. 2004 జట్టు నుంచి 2016 జట్టు దాకా మిగిలింది ఇద్దరే, రొనాల్డో, కార్వాల్యో. 38 ఏళ్ల కార్వాల్యో గ్రూప్ దశలో మూడు మ్యాచ్‌లూ ఆడాడు. ఆ తర్వాత అతని చోటు జోసె ఫోంతెకు వెళ్లింది. ఫైనల్ రోజున బెంచి మీదే ఉన్నాడు. తాను వదిలిన చోట మరొకడు నిలబడితే గీత చెడకుండా ఉండటమే ఈ కళలో మొదటి నియమం. ఆ రాత్రి 120 నిమిషాలపాటు ఆ గీత చెడలేదు. ఫ్రాన్స్‌కు గోల్ దక్కలేదు.